ఒకే రాతి దిబ్బను ఇల్లు చేసుకున్న చేప

సంపాదకులు గారికి నమస్కారాలు.

ఇళ్లల్లో రంగు చేపల పెంపకం గురించి మీ ఆదివారం అనుబంధంలో ఇటీవల వచ్చిన వ్యాసాన్ని శ్రద్ధగా చదివాను. గాజు తొట్టి కొలతలు, నీళ్లు మార్చే పద్ధతి, మేత వేసే వేళలు వంటి విషయాలు కొత్తగా చేపలు పెంచాలనుకునేవారికి ఎంతో పనికివస్తాయి. అయితే గోల్డ్‌ఫిష్, గప్పీ, ఏంజెల్ వంటి వాటిని విడివిడిగా పేర్కొన్న ఆ వ్యాసం, రాళ్ల మధ్య పెరిగే పసుపు, నీలం చేపల దగ్గరికి వచ్చేసరికి అన్నిటినీ కలిపి ‘ఆఫ్రికన్ సిక్లిడ్లు’ అని ఒక్క మాటతో సరిపెట్టింది. సిక్లిడ్ అన్నది ఒక పెద్ద చేపల కుటుంబం పేరు. హనుమకొండలోనూ వరంగల్‌లోనూ దుకాణాల్లో వాటిని అలాగే పిలుస్తారు కాబట్టి వ్యాసకర్తను తప్పుపట్టడం నా ఉద్దేశం కాదు. కానీ ఆ ఒక్క మాట కింద కలిసిపోతున్న చేపల్లో ఒకదానికి ఈ భూమి మీద ఉన్నది ఒకే సరస్సు, ఆ సరస్సులోనూ ఒకే ఒక్క రాతి దిబ్బ. దాన్ని దాని పేరుతో పిలవకపోవడం వల్ల జరుగుతున్న నష్టాన్ని మీ పాఠకుల ముందు పెట్టాలని ఈ ఉత్తరం రాస్తున్నాను. ఇంటర్మీడియట్ విద్యార్థులకు ముప్పై ఏళ్లు జంతుశాస్త్రం చెప్పినవాణ్ణి, ఆ చేపను ఇంట్లో పెంచుతూ ఒకసారి పెద్ద పొరపాటు చేసినవాణ్ణి కూడా.

ఆ చేప శాస్త్రీయ నామం చిండోంగో సౌలోసి. పెంపకందారులు క్లుప్తంగా సౌలోసి అంటారు. తూర్పు ఆఫ్రికాలో మలావి, మొజాంబిక్, టాంజానియా దేశాల మధ్య పరుచుకున్న మలావి సరస్సు దాని పుట్టిల్లు. ఆ సరస్సు పొడవు 550 కిలోమీటర్లకు పైమాటే, అంటే వరంగల్ నుంచి హైదరాబాద్‌కు ఉన్న దూరానికి దాదాపు నాలుగు రెట్లు. అత్యధిక లోతు సుమారు 700 మీటర్లు. విస్తీర్ణంలో మన ఉమ్మడి వరంగల్ జిల్లా రెండు పట్టి ఇంకా చోటు మిగులుతుంది. దానికి న్యాసా అనే పాత పేరు ఉంది, టాంజానియాలో ఇప్పటికీ అలాగే అంటారు. అక్కడి భాషల్లో న్యాసా అంటేనే సరస్సు కాబట్టి, ‘న్యాసా సరస్సు’ అన్నప్పుడల్లా మనం ‘చెరువు చెరువు’ అన్నట్టే అవుతుంది.

అంత పెద్ద నీటిలో సౌలోసికి దక్కింది మాత్రం చిజుములు అనే చిన్న దీవికి దగ్గరలో నీటి అడుగున ఉన్న ఒక రాతి దిబ్బ. దాన్ని తైవాన్ రీఫ్ అంటారు. ఈ చేప ఎందుకు పక్క తీరానికి పోలేదన్న ప్రశ్న ఎవరికైనా వస్తుంది. మలావి సరస్సులో రాళ్లను అంటిపెట్టుకుని, వాటి మీది నాచును గీరి తింటూ బతికే చిన్న సిక్లిడ్లను అక్కడివారు ఎంబునా అంటారు. సౌలోసి ఆ కోవకు చెందినదే. మన దగ్గర గుట్టకూ గుట్టకూ మధ్య పొలాలు ఉన్నట్టు, అక్కడ ఒక రాతి దిబ్బకూ ఇంకో రాతి దిబ్బకూ మధ్య లోతైన నీళ్లు, ఇసుక మైదానాలు ఉంటాయి. రాతి సందు లేనిచోట ఎంబునాకు తిండీ ఉండదు, పెద్ద చేపల నుంచి దాక్కునే చాటూ ఉండదు. అందుకని ఇవి పుట్టిన రాళ్లను విడిచి దూరం పోవు, వాటి పిల్లలూ పోవు. ఇలా ఒక్కొక్క దిబ్బ దగ్గర ఒక్కొక్క రకం వేల తరాల పాటు విడిగా బతకడం వల్లనే ఆ ఒక్క సరస్సులో వందల రకాల సిక్లిడ్లు పుట్టాయి. వాటిలో దాదాపు అన్నీ ఆ సరస్సులో తప్ప ప్రపంచంలో ఇంకెక్కడా లేనివే.

ఆడ్ కోనింగ్స్ అనే మత్స్య శాస్త్రవేత్త 1990లో ఈ చేపను వర్ణించి, మలావికి చెందిన సౌలోస్ మ్వాలే పేరును దానికి పెట్టారు. మొదట స్యూడోట్రోఫియస్ అనే ప్రజాతిలో, అంటే దగ్గరి జాతుల గుంపులో, ఉన్న దీన్ని 2016లో చిండోంగో అనే కొత్త ప్రజాతిలోకి మార్చారు. ఆఫ్రికా జీవులు అనేకం అక్కడికి వెళ్లిన ఐరోపావారి పేర్లను మోస్తుండగా, ఈ చేప ఆ నేలకే చెందిన మనిషి పేరును మోయడం నాకు ఎప్పుడూ సంతోషం కలిగించే విషయం.

ఇక నా అనుభవం చెబుతాను. మా ఇంట్లో ఉండి చదువుకుంటున్న మనవడు కొన్నేళ్ల కిందట పట్టుబట్టి ఆరు సౌలోసి పిల్లలను కొనిపించాడు. ఆరూ పసుపు కొమ్ము రంగులో, బొటనవేలంత పొడవు కూడా లేకుండా ఉన్నాయి. మా వీధిలో బోరు నీళ్లు ఎంత గట్టివంటే, కాచిన గిన్నె అడుగున తెల్లటి పొర గోటితో గీకితే గాని పోదు. ఆ నీళ్లతో పప్పు ఉడకదని మా ఇంటావిడ వాటిని వంటింట్లోకి రానివ్వదు. సున్నపు గుణం గల ఆ నీళ్లే ఈ చేపలకు బాగా సరిపడ్డాయి, ఎందుకంటే మలావి సరస్సు నీరూ క్షార గుణం గలదే. చలికాలం రాత్రుళ్లు హీటరు పెట్టడం తప్ప వాటికి నేను ప్రత్యేకంగా చేసిందేమీ లేదు.

నాలుగు నెలలు గడిచాక ఒక పొద్దున మనవడు పరుగెత్తుకొచ్చి, “తాతా, మన పచ్చ చేపను ఎవరో మార్చిండ్రు!” అన్నాడు. వెళ్లి చూస్తే ఆరింటిలో ఒకదాని రెక్కల అంచులు నల్లబడి, ఒంటి మీద సిరా ఒలికి పాకినట్టు నీలం కమ్ముకుంటోంది. రెండు వారాల్లో అది పూర్తిగా లేత నీలంగా మారి, ఒంటికి అడ్డంగా ముదురు పట్టీలు తెచ్చుకుని, తొట్టిలో మూలనున్న రాయిని తన సొంతం చేసుకుంది. దుకాణంలో అడిగితే, పొరపాటున వేరే చేప కలిసి ఉంటుంది, తెస్తే మార్చి ఇస్తామన్నారు. నిజానికి ఏ పొరపాటూ జరగలేదు. సౌలోసిలో పిల్లలు, ఆడవి పసుపుగా ఉంటాయి. మగవాటిలో జాగాను గెలుచుకున్నది నీలంగా మారుతుంది. దానికి లొంగిన మగది రంగు దాచుకుని తిరుగుతుంది, నీలం రాజు చనిపోతే అప్పుడు తన రంగు బయటపెడుతుంది. జంతుశాస్త్రం చదివిన నాకే ఆ రోజు పుస్తకాలు తిరగేస్తే గాని ఈ సంగతి తెలియలేదు. అమ్మేవారికి ఆ చేప పేరు చెప్పి ఇచ్చినవారు లేరు కాబట్టి వారికి తెలియకపోవడంలో ఆశ్చర్యమూ లేదు.

ఆ తరువాత చూసింది నేను ఇప్పటికీ మరచిపోలేదు. ఒక ఆడ చేప మేత వేస్తే దగ్గరికి వచ్చి, చూసి, తినకుండానే వెనక్కి పోయేది. దగ్గరగా చూస్తే దవడ కింద చర్మం చిన్న సంచిలా ఉబ్బి ఉంది, మూసిన నోరు ఏదో నములుతున్నట్టు అప్పుడప్పుడు మెల్లగా కదులుతోంది. అది గుడ్లను నోట్లో పెట్టుకుని పొదుగుతోంది. ఎంబునా ఆడది రాతి మీద ఒక్కో గుడ్డు పెట్టి వెంటనే నోటితో ఎత్తుకుంటుంది. మగదాని తోక దగ్గరి కింది రెక్క మీద గుడ్డులాంటి పసుపు చుక్కలు ఉంటాయి. అవీ గుడ్లేనేమో అన్నట్టు ఆడది వాటిని నోటితో తాకబోయినప్పుడు మగది విడిచే వీర్యం నోట్లోని గుడ్లకు చేరుతుంది. అప్పటి నుంచి దాదాపు మూడు వారాల పాటు తల్లి ఆహారం ముట్టదు. ఇరవై రెండో రోజు రాత్రి లైటు తీసేయబోతుండగా అది రాయి సందులో నిలబడి నోరు తెరిచింది, నువ్వు గింజలకు కళ్లు పెట్టినట్టున్న పిల్లలు బయటికి వచ్చాయి. లెక్కపెట్టాం, పద్నాలుగు.

పిల్లలను కాపాడుకునే చేప మన ప్రాంతంలో ఎవరికీ వింత కాదు. వానాకాలం చెరువు అంచున ఎర్రటి ముద్దలా కదిలే కొర్రమట్ట పిల్లల గుంపును, దాని కిందే కాపలా తిరిగే పెద్ద చేపను చూడని బెస్తవారు గాని, ముదిరాజులు గాని ఉండరు. కొర్రమీను మన తెలంగాణ రాష్ట్ర చేప. దాని మీద మనకున్న అభిమానం సరైనదే. అయితే కొర్రమీను దక్షిణాసియా నుంచి ఆగ్నేయాసియా దాకా ఎన్నో దేశాల చెరువుల్లో, వరి మడుల్లో ఉంది. ఒకచోట తగ్గితే ఇంకొకచోటి నుంచి తెచ్చుకోవచ్చు. సౌలోసికి ఆ ఇంకొక చోటు లేదు.

మన చెరువులకు ఇలాంటి సొంత చేప ఎందుకు లేదని నా విద్యార్థి ఒకరు అడిగారు. పాకాల, రామప్ప, లక్నవరం చెరువులు కాకతీయుల కాలంలో, 13వ శతాబ్దంలో కట్టినవి. మన లెక్కలో ఎనిమిది వందల ఏళ్లు చాలా పాతకాలమే గాని, ఒక కొత్త జాతి విడివడి రావడానికి అది చాలా తక్కువ. పైగా మన చెరువులు గొలుసుకట్టు చెరువులు. పై చెరువు మత్తడి దూకితే ఆ నీళ్లతో పాటు చేపలూ కింది చెరువుకు చేరుతాయి, వాగెక్కి వచ్చేవి వస్తాయి, ఏటా అంతా కలిసిపోతుంది. మలావి సరస్సు భూమి పగులులో ఏర్పడి లక్షల ఏళ్లుగా నిలిచి ఉన్నది. మన చెరువులను మన పూర్వీకులు కట్టారు, తెగితే మళ్లీ కట్టుకున్నాం, పూడితే పూడిక తీసుకున్నాం. సౌలోసి వంటి చేప పోతే దాన్ని మళ్లీ కట్టే ఉపాయం ఏ రాజుకూ ఏ ప్రభుత్వానికీ లేదు.

ఈ చేపకు చుట్టమొకటి మన ఊళ్లోనే ఉందని చెబితే పాఠకులు ఆశ్చర్యపోవచ్చు. సంతలో చవకగా దొరికే జిలేబీ చేప, అంటే తిలాపియా, కూడా సిక్లిడ్ కుటుంబానిదే. అందులో మొజాంబిక్ తిలాపియాను మన దేశానికి 1952లో తెచ్చారు. దాని సొంత నదుల్లో ఒకటి షిరే, ఆ నది మలావి సరస్సు నుంచే బయలుదేరుతుంది. జిలేబీ ఆడదీ గుడ్లను నోట్లోనే పొదుగుతుంది. ఒకే కుటుంబం, ఇంచుమించు ఒకే ప్రాంతం, పిల్లలను పెంచే పద్ధతీ ఒకటే. అయినా జిలేబీ ఏ నీళ్లలో వేస్తే ఆ నీళ్లలో పెరిగి మన చెరువుల్లో స్థానిక చేపల చోటును ఆక్రమించింది, సౌలోసి తన ఒక్క దిబ్బ మీద కూడా నిలదొక్కుకోలేని స్థితికి వచ్చింది.

ఆ స్థితికి కారణం కరువూ కాదు, రోగమూ కాదు. సౌలోసి పసుపు, నీలం రంగులు చూసి ప్రపంచమంతటా గాజు తొట్ల కోసం దాన్ని పట్టుకుపోయారు. అంతర్జాతీయ ప్రకృతి పరిరక్షణ సమాఖ్య ఎర్ర జాబితాలో అది ఇప్పుడు ‘అత్యంత ప్రమాదంలో’ ఉన్న జాతిగా నమోదైంది, అంటే ప్రకృతిలో అంతరించడానికి ఒక్క మెట్టు ముందు. అలంకరణ చేపల వ్యాపారం కోసం మితిమీరి పట్టడమే అందుకు ప్రధాన కారణం. మలావి సరస్సు దక్షిణ కొసన 1980లో జాతీయ ఉద్యానవనం ఏర్పడింది, 1984లో దానికి యునెస్కో ప్రపంచ వారసత్వ హోదా వచ్చింది. మన రామప్ప గుడికి 2021లో వచ్చిన హోదాయే అది. కానీ చిజుములు దీవి ఆ ఉద్యానవనానికి చాలా ఉత్తరాన ఉంది, సౌలోసి దిబ్బ దాని హద్దుల్లోకి రాదు.

ఒక చేపను పట్టుకుపోతే అంతలోనే తరిగిపోతుందా అని మనకు అనిపించడం సహజం. ఏటా ప్రభుత్వం మన చెరువుల్లో కోట్ల సంఖ్యలో చేప పిల్లలను వదలడం చూస్తున్నవాళ్లం. రవ్వు, బొచ్చె వంటివి ఒక్కొక్కటి లక్షల్లో గుడ్లు పెడతాయి, వాటి విత్తనాన్ని కేంద్రాల్లో తయారుచేసుకోవచ్చు. మా తొట్టిలో సౌలోసి తల్లి మూడు వారాలు పస్తులుండి ఇచ్చింది పద్నాలుగు. మహా అయితే అది ఇరవై, ముప్పై దాకా పోతుందేమో. అందులోనూ రంగు బాగున్న పెద్ద మగవాటినే ముందు పట్టేస్తే ఆ దిబ్బ మీద జాగాలు నిలిపేవి ఉండవు. పక్క దిబ్బ నుంచి వచ్చి ఆ ఖాళీని పూరించే సౌలోసి కూడా ఉండదు, ఎందుకంటే పక్క దిబ్బ మీద ఈ జాతే లేదు.

గాజు తొట్లలో మాత్రం ఈ చేప చక్కగా పిల్లలు పెడుతుంది. దుకాణాలకు కావలసిన చేపలన్నీ తొట్లలో పుట్టినవే కావచ్చు, సరస్సులో వల వేయవలసిన అవసరమే లేదు. అందువల్ల దీన్ని పెంచడం మానేయమని నేను అనడం లేదు. శుద్ధమైన వంశాన్ని జాగ్రత్తగా పెంచే ప్రతి ఇల్లూ ఈ జాతికి మేలు చేస్తున్నట్టే. ఇక్కడే నా పొరపాటు చెప్పుకోవాలి. మొదటి పిల్లలు పెద్దవైన ఏడాది, తొట్టి నిండుగా కనిపించాలని ఒక దుకాణం నుంచి ‘ఆఫ్రికన్ మిక్స్’ అని అమ్మే చేపలను ఎనిమిది తెచ్చి అందులోనే వదిలాను. ఏవి ఏ జాతివో అమ్మినవారు చెప్పలేదు, నేనూ అడగలేదు. తరువాతి ఈతలో పుట్టిన పిల్లలు మూడు నెలలకే బూడిద రంగులోకి తిరిగాయి. కొన్నిటికి పట్టీలు సగం దాకానే వచ్చాయి, ఒకదానికి పసుపు మీద మాసిన మరకల్లా వచ్చాయి. సరస్సులో లక్షల ఏళ్లు రాళ్లూ లోతూ విడదీసి ఉంచిన జాతులను నేను నాలుగడుగుల తొట్టిలో ఒక్క ఏడాదిలో కలిపేశాను. ఆ పిల్లలను ఎవరికీ ఇవ్వకుండా వేరే తొట్టిలో బతికినంత కాలం పెంచాను. దుకాణానికి ఇచ్చి ఉంటే అవి మళ్లీ ‘సౌలోసి’ పేరుతోనే ఇంకో పది ఇళ్లకు చేరేవి.

ఇంకొక సంగతి కూడా చెప్పాలి. మా వీధిలో ఉద్యోగం బదిలీ అయి హైదరాబాద్ పోతున్న ఒక కుటుంబం, తమ తొట్టిలోని సిక్లిడ్లను భద్రకాళి చెరువులో వదిలేస్తే పుణ్యమని అనుకున్నారు. మంచి మనసుతో అనుకున్న మాటే అది. అయితే మలావి రాళ్ల మీద నాచు గీరే చేప మన చెరువు బురదలో బతుకుతుందన్న నమ్మకం లేదు. బతికి పెరిగితే మన పరక చేపలకూ కొర్రమట్ట పిల్లలకూ కొత్త శత్రువు తయారవుతుంది. తొట్టి గోడల మీద పాచి తింటుందని కొని, పెద్దదయ్యాక చెరువుల్లోనూ కాలువల్లోనూ వదిలిన సక్కర్ చేప ఈనాడు రెండు తెలుగు రాష్ట్రాల మత్స్యకారుల వలలు చింపుతోంది. దాన్ని వారు దెయ్యం చేప అని పిలుచుకునే దాకా వచ్చింది. ఆ కుటుంబం చేపలను నేను ఇంటికి తెచ్చుకున్నాను. అందరికీ పక్కింట్లో ఖాళీ తొట్టి ఉండదు కాబట్టి, అమ్మిన దుకాణాలే వాటిని తిరిగి తీసుకునే పద్ధతి పెట్టుకోవాలని కోరుతున్నాను.

దుకాణదారులను నేను కోరే ఇంకొకటి ఖర్చు లేని పని. ప్రతి తొట్టి మీద చేప అసలు పేరు, అది వచ్చిన సరస్సు పేరు, తొట్టిలో పుట్టిందా సరస్సులో పట్టిందా అన్న వివరం తెలుగులో రాసి అంటించాలి. సరఫరాదారు చెప్పలేకపోతే ఆ మాటే రాయవచ్చు, కొనేవారు ఆలోచించుకుంటారు. కొనేవారు కూడా ‘మిక్స్’ పేరుతో సంచిలో కలిపి ఇచ్చేవాటిని వద్దనాలి. మీ పత్రిక మరోసారి ఈ విషయం మీద రాసినప్పుడు మలావి, టాంగన్యీకా, విక్టోరియా సరస్సుల చేపలను విడివిడిగా పరిచయం చేస్తే, కనీసం కొందరు పాఠకులైనా దుకాణంలో ఆ పేర్లు అడుగుతారు.

హంటర్ రోడ్డులోని కాకతీయ జంతు ప్రదర్శనశాల అధికారులకు కూడా మీ ద్వారా ఒక విన్నపం. పిల్లలు ఎక్కువగా వచ్చే చోట రెండు తొట్లు పక్కపక్కన పెట్టి, ఒకదానిలో కొర్రమీనును, ఇంకొకదానిలో సౌలోసిని ఉంచి, ఏది ఎన్ని దేశాల్లో ఉందో చూపే పటం గోడకు తగిలిస్తే బాగుంటుంది. నా పొరపాటు తరువాత నేను తెచ్చుకున్న కొత్త గుంపును ఏ చేపతోనూ కలపకుండా మూడు తరాలుగా పెంచుతున్నాను. ఈ వారం లెక్కకు అవి ఇరవై ఆరు, వాటిలో రెండు ఆడవి నోట్లో గుడ్లతో ఉన్నాయి. ప్రదర్శనశాల వారు గాని, జంతుశాస్త్రం చెప్పే కళాశాలల వారు గాని తొట్టి సిద్ధం చేసుకుంటే, పన్నెండు చేపలను, వాటికి అలవాటైన మా బోరు నీళ్లను రెండు డబ్బాలు, నేనే తెచ్చి ఇస్తాను.

ఇట్లు,
విశ్రాంత జంతుశాస్త్ర అధ్యాపకుడు,
హనుమకొండ